హైకోర్టు ఉన్న ఊరే రాజధానా? జీకే బిట్లలో అపోహలు, వాస్తవాలు

గ్రూప్స్, రైల్వే, ఎస్సెస్సీ పరీక్షలకు వెళ్లేవాళ్లకు పన్నెండేళ్లుగా జీకే చెబుతున్నాను. కొత్త బ్యాచ్ మొదలైన రోజు రాష్ట్రాల రాజధానుల మీద పది బిట్లు పెడతాను, నాలుగేసి ఆప్షన్లతో. "ఇది ఐదో తరగతి పాఠం కదా సార్" అంటారు. తీరా కాగితాలు దిద్దితే ఒడిశాకు కటక్, ఛత్తీస్‌గఢ్‌కు బిలాస్‌పూర్, మధ్యప్రదేశ్‌కు జబల్‌పూర్ టిక్ చేసి ఉంటాయి. ఏ బ్యాచ్‌లోనూ ఇది తప్పలేదు. బాగా చదివేవాళ్లు కూడా ఇక్కడే పడిపోతున్నారు, అందుకే ఇది రాస్తున్నాను.

అపోహ: రాజధాని అంటే అసెంబ్లీ, సచివాలయం, హైకోర్టు అన్నీ ఒకే ఊళ్లో ఉంటాయి.

మనకు ఈ ఆలోచన రావడం సహజం. 1956 నుంచి హైదరాబాద్‌లో అన్నీ ఒకేచోట చూశాం. పక్కనున్న చెన్నై, బెంగళూరు కూడా అంతే. దాంతో ఎక్కడైనా "జబల్‌పూర్ హైకోర్టు" అని చదివితే, ఆ ఊరు రాజధాని అని తెలియకుండానే మనసులో నాటుకుంటుంది. ప్రశ్న తయారుచేసేవాళ్లకు ఈ సంగతి బాగా తెలుసు. ఆ ఊరిని తెచ్చి ఆప్షన్లలో పెడతారు.

వాస్తవం: ఈ ఎనిమిది రాష్ట్రాల్లో రాజధాని ఒక ఊరు, హైకోర్టు ప్రధాన పీఠం ఇంకో ఊరు. ఉత్తరప్రదేశ్‌కు లక్నో, ప్రయాగ్‌రాజ్. మధ్యప్రదేశ్‌కు భోపాల్, జబల్‌పూర్. రాజస్థాన్‌కు జైపూర్, జోధ్‌పూర్. కేరళకు తిరువనంతపురం, కొచ్చి. ఒడిశాకు భువనేశ్వర్, కటక్. గుజరాత్‌కు గాంధీనగర్, అహ్మదాబాద్. ఛత్తీస్‌గఢ్‌కు రాయ్‌పూర్, బిలాస్‌పూర్. ఉత్తరాఖండ్‌కు డెహ్రాడూన్, నైనిటాల్.

దయచేసి ఈ ఎనిమిదింటినీ బట్టీ పట్టకండి. ఎందుకు అలా జరిగిందో తెలిస్తే వాటంతట అవే గుర్తుంటాయి. కొన్నిచోట్ల రాజధాని కదిలింది, కోర్టు కదల్లేదు. ఒడిశాకు ముందు కటక్ రాజధాని. ప్రభుత్వం భువనేశ్వర్‌కు వెళ్లింది, హైకోర్టు పాత ఊళ్లోనే ఉండిపోయింది. గుజరాత్ 1960లో ఏర్పడినప్పుడు అహ్మదాబాద్ నుంచే పాలన సాగింది, 1970లో గాంధీనగర్‌కు మారింది. కోర్టు మాత్రం అహ్మదాబాద్‌దే. ఇంకొన్నిచోట్ల వేర్వేరు ప్రాంతాలు కలిసి రాష్ట్రం ఏర్పడినప్పుడు ఒకరికి రాజధాని, ఇంకొకరికి హైకోర్టు దక్కాయి. జైపూర్, జోధ్‌పూర్ సంగతి అదే. భోపాల్, జబల్‌పూర్‌లనూ అలాగే గుర్తుపెట్టుకోవచ్చు.

అసలు ఈ పంపకం మన ఇంట్లోనే జరిగింది! కోస్తా, రాయలసీమ నాయకులు 1937లో చేసుకున్న శ్రీబాగ్ ఒడంబడిక సారాంశం ఇదే కదా: రాజధాని, హైకోర్టు రెండూ ఒకే ప్రాంతానికి పోకూడదని. 1953 అక్టోబర్ 1న ఆంధ్ర రాష్ట్రం వచ్చినప్పుడు కర్నూలు రాజధాని అయింది, మరుసటి ఏడాది గుంటూరులో హైకోర్టు మొదలైంది. మా తాతగారిది కర్నూలు. ఆఫీసులు డేరాల్లో నడిచిన రోజుల గురించి, అద్దె ఇళ్ల కోసం ఉద్యోగులు పడిన తిప్పల గురించి ఆయన చెబుతుంటే చిన్నప్పుడు నోరు తెరుచుకుని వినేవాణ్ని. కోర్టు పని పడితే కర్నూలు నుంచి గుంటూరు దాకా వెళ్లాల్సి వచ్చేదట. క్లాసులో ఈ ముచ్చట చెప్పాక కటక్ మీద తప్పు చేసినవాళ్లు చాలా తక్కువ.

ఈ ఒక్క అపోహకే ఇంత చోటు ఎందుకంటే, దీనివల్ల పోయేది ఒక్క మార్కు కాదు. హైకోర్టుల మీద బిట్, జతపరచండి, రాష్ట్రాల ఏర్పాటు మీద బిట్, అన్నింటిలోనూ ఇదే తప్పు మళ్లీ మళ్లీ వస్తుంది. రైల్వే ఎన్టీపీసీ పరీక్షలో తప్పు జవాబుకు మూడో వంతు మార్కు కూడా కోస్తారు.

అపోహ: పెద్ద నగరమే రాజధాని. కాదు. ఇండోర్, లూథియానా, దీమాపూర్ ఏవీ రాజధానులు కావు. అస్సాం రాజధాని దిస్పూర్ అయితే గువాహటిలో ఒక భాగం. ఆప్షన్లలో రెండూ ఇస్తే దిస్పూరే పెట్టాలి.

అపోహ: ఒక రాష్ట్రానికి ఒకే రాజధాని, ఒక రాజధానికి ఒకే రాష్ట్రం. చండీగఢ్ పంజాబ్‌కూ హర్యానాకూ రాజధాని, పైగా అది కేంద్రపాలిత ప్రాంతం. ఉత్తరాఖండ్‌కు 2020లో గైర్‌సైణ్‌ను వేసవి రాజధానిగా ప్రకటించారు. "వేసవి" అన్న మాట ప్రశ్నలో ఉందో లేదో చూసుకోండి, చాలు.

అపోహ: "ఏపీ రాజధాని మీద బిట్ వస్తే ఏది పెట్టినా మార్కు కలుపుతారట."

పరీక్షకు వారం ముందు ఈ మెసేజ్ నా ఫోన్‌కు రాకుండా ఉండదు. ఎవరు పుట్టిస్తారో గానీ, అసలే నిద్రలేక చదువుతున్న పిల్లల్ని ఇలా టెన్షన్ పెట్టడం అన్యాయం. అలాంటి మాట నేను ఏ నోటిఫికేషన్‌లోనూ చూడలేదు. 2014 రాష్ట్ర విభజన చట్టం ప్రకారం హైదరాబాద్ ఉమ్మడి రాజధానిగా ఉండే పదేళ్ల గడువు 2024 జూన్ 2తో ముగిసింది. మూడు రాజధానుల కోసం 2020లో చేసిన చట్టాన్ని 2021 నవంబర్‌లో వెనక్కి తీసుకున్నారు. జవాబు అమరావతి. అదృష్టవశాత్తూ మన హైకోర్టు కూడా అక్కడే.

పాత పుస్తకాలు వాడేవాళ్లకు ఒక్క మాట: అండమాన్ నికోబార్ రాజధాని పోర్ట్ బ్లెయిర్ పేరు 2024 సెప్టెంబర్‌లో శ్రీ విజయపురంగా మారింది. రాష్ట్రాలు 28, కేంద్రపాలిత ప్రాంతాలు 8.

ఇక జాబితాను వరసగా అప్పజెప్పడం గురించి. మా బ్యాచ్‌లో ఒకామె ఉండేది, ఇద్దరు పిల్లల తల్లి, పగలంతా బట్టలు కుడుతుంది. ఆంధ్రప్రదేశ్ నుంచి మొదలుపెట్టి పశ్చిమ బెంగాల్ దాకా గుక్క తిప్పుకోకుండా చెప్పేది. ఒకరోజు "ఐజ్వాల్ ఏ రాష్ట్రానిది?" అని అడిగాను. పెదాలు కదులుతున్నాయి, మళ్లీ మొదటి నుంచి చదువుకుంటోంది. మిజోరం దాకా వచ్చేసరికి అర నిమిషం పట్టింది. కళ్లలో నీళ్లు తిరిగాయి. "నాకు రాదు సార్, వయసైపోయింది" అంది. రాకపోవడం కాదమ్మా, ఒకవైపు నుంచే వచ్చు, అంతే అన్నాను.

పాత క్యాలెండర్ కాగితాలు చీటీలుగా కత్తిరించమన్నాను. ఒకవైపు ఊరి పేరు, వెనక రాష్ట్రం పేరు, అది రాజధానా హైకోర్టు ఊరా అన్నది. చీటీలన్నీ కుట్టుమిషన్ పక్కన డబ్బాలో వేసింది. సాయంత్రం పెద్దబ్బాయి ఒక్కో చీటీ తీసి అడుగుతాడు, ఒక్కోసారి ముందు నుంచి, ఒక్కోసారి వెనక నుంచి. వచ్చినవి పక్కన పెడతాడు, తప్పినవి మళ్లీ డబ్బాలోకి. పది రోజుల తర్వాత ఆ డబ్బా క్లాసుకు తెచ్చి చూపించింది. ఐదు చీటీలు మిగిలాయి. ఇటానగర్, కోహిమా, బిలాస్‌పూర్, నైనిటాల్, జబల్‌పూర్.