బడ్డీ హాలీ గురించి పిల్లలకు ఉత్తరం

చిరంజీవులైన పిల్లలకు, తాతయ్య ఆశీస్సులు.

రాక్ అండ్ రోల్ మొదటి రోజులు అనగానే మీరంతా ఎల్విస్ ప్రెస్లీ పేరే చెబుతారు. నేను మీకు బడ్డీ హాలీ గురించి చెప్పాలి. బక్కపల్చటి మనిషి, నల్లటి దళసరి ఫ్రేము కళ్లద్దాలు. స్టేజీ మీద గిటారు లేకపోతే లెక్కల మాస్టారిలా కనిపించేవాడు.

1936లో అమెరికాలో, టెక్సాస్ రాష్ట్రంలోని లబక్‌లో పుట్టాడు. ఇరవయ్యో ఏట డెక్కా అనే పెద్ద కంపెనీ నాష్‌విల్‌కి పిలిపించి పాటలు రికార్డు చేయించింది. అక్కడ పెత్తనమంతా కంపెనీదే. రికార్డులు అమ్ముడుపోలేదు, కంపెనీ అతన్ని వదిలేసింది.

అప్పుడు స్నేహితుల్ని వెంటబెట్టుకుని పొరుగు రాష్ట్రంలోని క్లోవిస్ ఊరికి వెళ్లాడు. అక్కడ నార్మన్ పెట్టీ అనే ఆయన స్టూడియో ఉంది. ఆయన గంటల లెక్కన కాకుండా పాట లెక్కన డబ్బు తీసుకునేవాడు. నా దృష్టిలో బడ్డీ కథలో అసలు మలుపు ఇదే. గడియారం చూసుకోకుండా, నచ్చేదాకా మళ్లీ మళ్లీ వాయించుకునే వీలు దొరికింది. 1957 ఫిబ్రవరిలో అక్కడ రికార్డు చేసిన 'దటిల్ బీ ద డే' సెప్టెంబరుకల్లా అమెరికాలో నంబర్ వన్ అయింది.

'ఎవ్రీడే' పాట హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వినండి. టపటపమని వినబడే ఆ దరువు డ్రమ్ముది కాదు. డ్రమ్మర్ జెర్రీ ఆలిసన్ డ్రమ్ములు పక్కనపెట్టి, అరచేతులతో తన మోకాళ్ల మీద కొట్టుకున్నాడు. దాని మీద చిరుగంటల్లా మోగేది సెలెస్టా అనే మెట్ల వాయిద్యం, వాయించింది పెట్టీగారి భార్య. పాట రెండు నిమిషాలే. దానికి ఏం కావాలో అంతే ఉంది, ఒక్క శబ్దం కూడా ఎక్కువ లేదు. 'పెగ్గీ సూ' కూడా వినండి. అందులో ఒకే పేరును ఎన్ని రకాలుగా విరిచి, వెక్కిళ్లు వచ్చినట్టు పాడతాడో!

1958 చివర్లో పెట్టీతో తెగదెంపులయ్యాయి, రావాల్సిన డబ్బు చేతికందలేదు. కొత్తగా పెళ్లయింది. అందుకే గడ్డకట్టే చలిలో టూర్‌కి ఒప్పుకున్నాడు. బస్సులో హీటరు చెడిపోయి, ఆ టూర్‌లో డ్రమ్ములు వాయించిన కార్ల్ బంచ్ కాళ్లు చలికి దెబ్బతిని ఆస్పత్రిలో చేరాడు. అయొవాలోని క్లియర్ లేక్‌లో పాడాక, ఇక బస్సు వద్దని బడ్డీ చిన్న విమానం మాట్లాడాడు. 1959 ఫిబ్రవరి 3 తెల్లవారకముందే అది కూలిపోయింది. పైలట్, మరో ఇద్దరు గాయకులు కూడా పోయారు. వాళ్లలో రిచీ వాలెన్స్‌కి 17 ఏళ్లే. బడ్డీకి 22.

చాలామంది ఈ ప్రమాదం గురించే చెప్పి ఊరుకుంటారు. నాకది బాధగా ఉంటుంది. నంబర్ వన్ అయిన నాటినుంచి ఏడాదిన్నర కూడా నిండని కాలంలో అతను చేసిన పని చూడండి. తన పాటలు తనే రాసుకుని, రెండు గిటార్లు, బాసు, డ్రమ్ములతో సొంత బృందం కట్టి పాడాడు. ఆ బృందం పేరు క్రికెట్స్, అంటే కీచురాళ్లు. 1958లో లివర్‌పూల్‌లో జాన్ లెనన్, పాల్ మెకార్ట్నీ, జార్జ్ హారిసన్ అనే కుర్రాళ్లు తొలిసారి రికార్డు చేసుకున్నది 'దటిల్ బీ ద డే' పాటనే. తర్వాత వాళ్లు కూడా తమ బృందానికి పురుగు పేరే ఎంచుకుని బీటిల్స్ అయ్యారు.

మీ తాతయ్య