ప్రొటీన్ నెట్‌వర్క్‌లు: గీత ఉంటే బంధం ఉన్నట్టేనా? (అపోహలు - వాస్తవాలు)

మనిషిలో ప్రొటీన్లను తయారుచేయించే జన్యువులు దాదాపు 20,000. ఆ ప్రొటీన్లలో ఒంటరిగా పని చక్కబెట్టేవి కొద్ది. మిగతావి ఒకదాన్నొకటి తాకి, ఆపి, మార్చి, ముక్కలు చేసి కణాన్ని నడిపిస్తాయి. డేటాబేస్‌లో ఒక ప్రొటీన్ పేరు కొడితే చాలు, చుక్కలూ గీతలతో బొమ్మ వచ్చేస్తుంది: చుక్క అంటే ప్రొటీన్, గీత అంటే రెండింటి మధ్య సంబంధం. చిక్కంతా దాన్ని చదవడంలోనే.

అపోహ: గీత ఉందంటే ఆ రెండూ కణంలో అంటుకుంటాయి.

ముందు ఆ గీత ఏ పద్ధతి వల్ల వచ్చిందో చూడాలి. 1989లో వచ్చిన ఈస్ట్ టూ-హైబ్రిడ్ (రెండు ప్రొటీన్లు కలిస్తేనే ఈస్ట్ కణంలో గుర్తుగా ఒక రిపోర్టర్ జన్యువు ఆన్ అయ్యే పద్ధతి) ఎక్కువగా నేరుగా తాకే జంటల్ని పట్టిస్తుంది. కానీ ఆ కలయిక జరిగేది ఈస్ట్ కేంద్రకంలో. పొరల్లో పాతుకుని ఉండే ప్రొటీన్లు అక్కడికి సరిగా చేరవు. మన కణంలో ఒకటి మైటోకాండ్రియాలో, మరొకటి కేంద్రకంలో ఉండి ఎన్నడూ ఎదురుపడని జంట మాత్రం అక్కడ కలిసిపోవచ్చు. కొన్ని ఎర ప్రొటీన్లు (మనం జోడీ వెతుకుతున్నవి) జోడీ లేకుండానే ఆ రిపోర్టర్ జన్యువును ఆన్ చేసేస్తాయి. అందుకే ఎరను ముందుగా ఖాళీ వెక్టర్‌తో (జోడీ ప్రొటీన్ లేని డీఎన్‌ఏ వాహకంతో) జతచేసి పెంచి చూడాలి. హిస్టిడిన్ లేని ప్లేటు మీద (రిపోర్టర్ ఆన్ అయితేనే ఈస్ట్ అక్కడ పెరుగుతుంది) కాలనీలు వస్తే, ఆ పెరుగుదలను అణిచే 3-ఏటీ రసాయనం మోతాదు పెంచుతూ పోవాలి. అప్పటికీ ఆగకపోతే ఆ ఎరను పక్కన పెట్టడమే మేలు.

ప్రొటీన్‌కు ట్యాగ్ (పట్టుకోవడానికి వీలైన గుర్తు) తగిలించి లాగి, దాంతో వచ్చినవాటిని మాస్ స్పెక్‌లో (బరువును బట్టి ప్రొటీన్లను గుర్తించే యంత్రంలో) చూసే పద్ధతి పట్టిచ్చేది గుంపును, జంటను కాదు. ‘ఎ’ని లాగితే దాన్ని పట్టుకున్న ‘బి’ వస్తుంది, ‘బి’ని పట్టుకున్న ‘సి’ కూడా వస్తుంది. ‘ఎ’కీ ‘సి’కీ మధ్య గీత పడిపోతుంది. బయోఐడీ పద్ధతిలో అయితే ఎరకు అతికించిన ఎంజైమ్ సుమారు 10 నానోమీటర్ల దూరంలో ఉన్నవాటికల్లా బయోటిన్ (ఒక విటమిన్) ముద్ర వేస్తుంది. బస్సులో పక్క సీట్లో కూర్చున్నవాళ్ళంతా చుట్టాలు కారు కదా! పాత బయోఐడీకి 16-24 గంటలు బయోటిన్ పెట్టాలి, కాబట్టి అంతసేపూ దగ్గరికి వచ్చిపోయినవన్నీ జాబితాకెక్కుతాయి. 2018లో వచ్చిన టర్బోఐడీకి 10 నిమిషాలు చాలు.

అపోహ: కో-ఐపీలో (యాంటీబాడీతో ఒక ప్రొటీన్‌ను లాగి, దాంతో పాటు ఏది వచ్చిందో చూసే పద్ధతిలో) బ్యాండ్ పడితే రుజువైపోయినట్టే.

పేపర్లలో ఎక్కువగా చూపించేది ఇదే, ఎక్కువగా మోసం చేసేదీ ఇదే. కణాన్ని పగలగొట్టగానే వేర్వేరు అరల్లో ఉన్న ప్రొటీన్లన్నీ ఒకే ట్యూబులో కలిసిపోతాయి. రాత్రంతా తిప్పుతూ వదిలేస్తే కణంలో లేని బంధాలు కొత్తగా పుట్టొచ్చు. 4 డిగ్రీల దగ్గర ఒకటి రెండు గంటలు సరిపోతుంది. బఫర్ సంగతీ అంతే. రిపా అనే బఫర్‌లో ఎస్‌డీఎస్, డీఆక్సీకోలేట్ అనే గట్టి డిటర్జెంట్లు ఉంటాయి కాబట్టి బలహీన బంధాలు అందులో తెగిపోతాయి. 0.5-1 శాతం ఎన్‌పీ-40 (మెత్తని డిటర్జెంట్), 150 మిల్లీమోలార్ ఉప్పుతో మొదలుపెట్టడం మంచిది. ఫాస్ఫేట్ మీద ఆధారపడే బంధమైతే ఫాస్ఫేట్‌ను తీసేసే ఎంజైమ్‌లను ఆపే ఫాస్ఫటేజ్ ఇన్హిబిటర్ తప్పనిసరి.

కేంద్రక ప్రొటీన్లతో ఇంకో తంటా ఉంది. రెండూ ఒకే డీఎన్‌ఏ ముక్కను పట్టుకుని ఉన్నా కలిసే వస్తాయి. డీఎన్‌ఏను ముక్కలు చేసే బెంజోనేజ్ ఎంజైమ్ వేసి ఆ వంతెనను తెంచి చూడాలి. దానికి 1-2 మిల్లీమోలార్ మెగ్నీషియం కావాలి. బఫర్‌లో ఈడీటీఏ ఉంటే అది మెగ్నీషియాన్ని లాగేసుకుంటుంది, ఎంజైమ్ పని చేయదు. చాలామంది ఇక్కడే బోల్తాపడి, ‘బెంజోనేజ్ వేసినా బంధం నిలిచింది’ అని రాసేస్తారు.

కంట్రోల్‌గా అదే జాతి ఐజీజీ (ఏ ప్రొటీన్‌నూ ప్రత్యేకంగా పట్టని మామూలు యాంటీబాడీ) ఒక్కటే చాలదు. ఎర ప్రొటీన్ లేని నాకౌట్ కణాల్లో అదే యాంటీబాడీతో లాగి చూపిస్తేనే నమ్మకం. వెస్టర్న్ బ్లాట్‌లో (ప్రొటీన్లను సైజువారీగా విడదీసి యాంటీబాడీతో గుర్తించే పరీక్షలో) 50, 25 కిలోడాల్టన్ల దగ్గర యాంటీబాడీ గొలుసులే బ్యాండ్లుగా కనిపిస్తాయి. వెతికే ప్రొటీన్ ఆ సైజులో ఉంటే వేరే జాతి యాంటీబాడీతో బ్లాట్ చేయాలి. మాస్ స్పెక్ జాబితాలో కెరాటిన్, ట్యూబ్యులిన్, యాక్టిన్, రైబోజోమ్ ప్రొటీన్లు కనబడితే సంబరపడొద్దు. ఎరను అతిగా తయారుచేయించినప్పుడు సరిగా మడతపడని వాటిని హెచ్‌ఎస్‌పీ70 అనే సహాయక ప్రొటీన్ వచ్చి పట్టుకుంటుంది, అదీ జాబితాలో పైనే ఉంటుంది. ఇలా ఎవరు లాగినా వచ్చే చెత్త కోసమే 2013లో క్రాపోమ్ అనే డేటాబేస్ పెట్టారు. కనీసం మూడు రెప్లికేట్లు (అదే ప్రయోగం మళ్లీ మళ్లీ) చేసి, అందులో వెతికాకే మిగిలినవాటి గురించి మాట్లాడాలి.

అపోహ: స్ట్రింగ్ (ప్రొటీన్ సంబంధాల డేటాబేస్) స్కోరు 0.9 అంటే చాలా బలమైన బంధం.

కాదు. అది నమ్మకానికి కొలత, బలానికి కాదు. ప్రయోగాలతో పాటు కలిసి వ్యక్తమయ్యే జన్యువులు, ఒకే వ్యాసంలో కలిసి కనబడ్డ పేర్లు కూడా ఆ అంకెలోకి వెళ్తాయి. అసలు తాకే జంటలే కావాలంటే ‘ఫిజికల్’ నెట్‌వర్క్‌కి మార్చి, ప్రయోగాల స్కోరు విడిగా చూడాలి.

బలం చెప్పేది కేడీ; అది ఎంత చిన్నదైతే పట్టు అంత గట్టి. బార్నేజ్-బార్‌స్టార్ జంటది సుమారు 10 ఫెమ్టోమోలార్, అంటే దాదాపు విడిపోవు. ఎస్‌హెచ్3 డొమైన్లు (సంకేతాలు అందించే ప్రొటీన్లలోని చిన్న భాగాలు) తమ జోడీని మామూలుగా 1-100 మైక్రోమోలార్ బలంతోనే పట్టుకుంటాయి. అది లోపం కాదు. సంకేతం అందించి వెంటనే వదిలేయాల్సినవి గట్టిగా పట్టుకుంటే కణానికే నష్టం.

అపోహ: ఎక్కువ గీతలున్న ప్రొటీనే రోగానికి మూలం, మందు దానికే వేయాలి.

ఈస్ట్‌లో ఎక్కువ జోడీలున్న ప్రొటీన్లను తీసేస్తే కణం చచ్చే అవకాశం ఎక్కువని 2001లో చూపించారు. అయితే పి53 (క్యాన్సర్‌ను అడ్డుకునే ప్రొటీన్) లాంటివాటికి అన్ని గీతలు ఉండటానికి, వాటి మీద అన్ని వేల పేపర్లు రావడం కూడా ఒక కారణం. నెట్‌వర్క్ విశ్లేషణలో ప్రతి చుక్కకీ గీతల సంఖ్య మార్చకుండా జాలాన్ని కలగాపులగం చేసి, కనీసం 1,000 సార్లు పోల్చాలి. లేకపోతే ఏ రోగానికి వెతికినా అవే పేర్లు పైకి తేలతాయి. ఇక మందంటారా, బతకడానికి అవసరమైన ప్రొటీన్‌ను కొడితే ఆరోగ్యంగా ఉన్న కణం కూడా పోతుంది.

అపోహ: మ్యుటేషన్ అంటే ప్రొటీన్ చెడిపోవడం.

2015లో వేలకొద్దీ రోగ మ్యుటేషన్లను పరీక్షించిన పెద్ద అధ్యయనంలో మూడింట రెండు వంతులు ప్రొటీన్ బంధాలను దెబ్బతీశాయి. వాటిలో సగం కొన్ని బంధాలనే తెంచి మిగతావాటిని వదిలేశాయి. అంటే చుక్క అలాగే ఉంటుంది, గీత పోతుంది. వీహెచ్‌ఎల్ జన్యువునే తీసుకోండి. దాని ప్రొటీన్‌కు హిఫ్ అనే మరో ప్రొటీన్ మీద పట్టు పోయే మ్యుటేషన్లలో కిడ్నీ క్యాన్సర్ ముప్పు ఉంటుంది. హిఫ్ మీద పట్టు నిలిచే, 2సీ అని పిలిచే రకంలో మాత్రం వచ్చేది అడ్రినల్ గ్రంథి కణితి, ఫియోక్రోమోసైటోమా. జన్యువు ఒకటే, రోగాలు వేరు.

గీత తెగడమే కాదు, కొత్తగా పుట్టడమూ రోగమే. సికిల్ సెల్ రక్తహీనతలో, హిమోగ్లోబిన్‌లో భాగమైన బీటా గ్లోబిన్ ఆరో స్థానంలో గ్లుటామేట్ పోయి వాలీన్ వస్తుంది. ఆక్సిజన్ వదిలేసిన స్థితిలోనే ఆ వాలీన్ పక్క హిమోగ్లోబిన్ మీది గుంటలో ఇరుక్కుంటుంది, అలా పోగులు కడతాయి. ఆక్సిజన్ ఉన్నప్పుడు పరీక్షిస్తే ఆ బంధం కనబడదు.

అపోహ: ప్రొటీన్ల మధ్య బంధానికి మందు కుదరదు.

రెండు ప్రొటీన్లు తాకే చోటు వెడల్పుగా, చదునుగా ఉంటుంది కాబట్టి చిన్న అణువు నిలవదని ఒకప్పుడు అనుకున్నారు. కానీ పట్టంతా కొద్ది అమైనో ఆమ్లాల మీదే ఉంటుందని 1995లో గ్రోత్ హార్మోన్ మీద చేసిన పని తేల్చింది. పి53ని అణిచే ఎండీఎం2 ప్రొటీన్ గుంటలోకి పి53 దింపేది ముఖ్యంగా మూడింటినే: ఫినైల్ అలనిన్ 19, ట్రిప్టోఫాన్ 23, ల్యూసిన్ 26. 2004 నాటి నట్లిన్లు అనే చిన్న అణువులు ఆ మూడింటి స్థానాన్నే ఆక్రమించాయి. కణం చావును ఆపే బీసీఎల్-2 ప్రొటీన్ గుంటను మూసే వెనెటోక్లాక్స్ అనే క్యాన్సర్ మందుకు 2016లో అమెరికాలో అనుమతి వచ్చింది. దానికి ముందున్న నావిటోక్లాక్స్ ప్లేట్‌లెట్లు బతకడానికి కావలసిన బీసీఎల్-ఎక్స్‌ఎల్‌ను కూడా పట్టుకుని వాటి సంఖ్యను పడగొట్టింది. ఏ గీతను తెంచాలో ఎంత ముఖ్యమో, దేన్ని ముట్టకూడదో అంతే ముఖ్యం.

అపోహ: ఆల్ఫాఫోల్డ్ (ప్రొటీన్ల ఆకారాన్ని అంచనా వేసే ఏఐ) చెప్పేసింది, ఇక ప్రయోగం ఎందుకు?

ఐపీటీఎం (రెండు ప్రొటీన్ల కలయిక మీద దాని నమ్మకం స్కోరు) 0.8 దాటితే అంచనా నమ్మదగ్గది, 0.6 కన్నా తక్కువైతే బహుశా తప్పు, మధ్యలోది ఎటూ తేలనిది. 0.8 దాటినా అది ‘కలవగలవు’ అని మాత్రమే. ఆ రెండూ ఒకే కణంలో, ఒకే సమయంలో, సరిపడా మోతాదులో ఉన్నాయో లేదో దానికి తెలియదు. అంచనాలో తాకుతున్న లైసిన్‌ను (ధనావేశం) గ్లుటామేట్‌గా (రుణావేశం) మార్చి చూడండి. జోడీ పోవాలి, ప్రొటీన్ మడత చెక్కుచెదరకూడదు, మిగతా జోడీలు ఉండాలి. తర్వాత ఎదుటి ప్రొటీన్‌లో దానికి జతగా ఉన్న గ్లుటామేట్‌ను లైసిన్‌గా మార్చండి. పోయిన బంధం తిరిగొస్తే అప్పుడు ఆ గీతను పెన్నుతో గీయొచ్చు.