ఆ నూటికి ఇద్దరు ఎవరు?

నాన్నకి బైపాస్ చేయాల్సి వచ్చినప్పుడు ముందు రోజు సాయంత్రం సర్జన్ గారు మమ్మల్ని కూర్చోబెట్టి, కాగితాల మీద సంతకాలు పెట్టించుకునే ముందు, "రిస్క్ రెండు పర్సెంట్ దాకా ఉంటుందమ్మా" అన్నారు. రెండే కదా అని నాకు ఊపిరి తిరిగింది. అమ్మ మాత్రం పెన్ను పట్టుకోకుండా ఆయన మొహంలోకే చూస్తూ, "నూటికి ఇద్దరంటున్నారు, ఆ ఇద్దర్లో ఈయన ఉన్నారో లేదో చెప్పండి డాక్టరు గారూ" అని అడిగింది. ఆయన విసుక్కోలేదు. అది ఎవరూ చెప్పలేరమ్మా అన్నారు, నెమ్మదిగా.

నేను డిగ్రీలో స్టాటిస్టిక్స్ చదువుకున్నవాణ్ణి, సంభావ్యత అనే చాప్టర్లో నాకు ఎప్పుడూ మంచి మార్కులే, కానీ ఆ రాత్రి ఆసుపత్రి వరండాలో కూర్చుని ఎంత ఆలోచించినా అమ్మ ప్రశ్నకి నా దగ్గర జవాబు లేదు. తర్వాత చదువుకుంటూ పోతే తెలిసిందేంటంటే, ఆ ప్రశ్న దగ్గరే పెద్దపెద్దవాళ్ళు రెండు వందల ఏళ్ళుగా కొట్టుకుంటున్నారు. ఛాన్స్ ఎంతో లెక్క కట్టడం 1654లోనే వచ్చేసింది, ఆ లెక్క అసలు దేని గురించి, లోకం గురించా మన మనసు గురించా అన్నది ఇప్పటికీ తెగలేదు.

జూదం మాత్రం లెక్క కంటే చాలా పాతది. ఋగ్వేదం పదో మండలంలో జూదరి ఏడుపు ఒక సూక్తం మొత్తం ఉంది, అందులో పాచికలు విభీతకం కాయలు, అంటే మన త్రిఫల చూర్ణంలో కరక్కాయ, ఉసిరికాయలతో పాటు వేసే తానికాయ. భారతంలో నలోపాఖ్యానానికి వస్తే అదే చెట్టు మళ్ళీ కనిపిస్తుంది. బాహుకుడి వేషంలో నలుడు రథం తోలుతుంటే ఋతుపర్ణుడు దార్లో ఒక తానిచెట్టును చూసి, దాని రెండు కొమ్మల్లో ఐదు కోట్ల ఆకులు, 2095 కాయలు ఉన్నాయి అని చెప్పేస్తాడు. నలుడు నమ్మడు, రథం దిగి, చెట్టు కొట్టి, కాయలు లెక్కపెట్టి చూస్తే సరిగ్గా అన్నే. ఇదెలా తెలిసింది రాజా అంటే, నాకు అక్షహృదయం తెలుసు, లెక్కలో నేర్పరిని అంటాడు. చెట్టంతా లెక్కపెట్టకుండా అంచనా కట్టే విద్యా, పాచికల గుట్టూ ఒకే మనిషి దగ్గర ఉండటం ఊరికే రాసిన విషయం కాదని నాకనిపిస్తుంది. ఇయాన్ హ్యాకింగ్ అనే కెనడా తత్వవేత్త ప్రాబబిలిటీ పుట్టుక మీద 1975లో రాసిన పుస్తకంలో ఈ కథని ప్రత్యేకంగా ఎత్తి చూపించాడు. అయితే ఆ విద్యలో సూత్రం ఏంటో కథ చెప్పదు. నలుడు నేర్చుకున్నాడు, తనని పట్టి పీడిస్తున్న కలి వదిలిపోయాడు, జూదంలో తన రాజ్యం గెలుచుకున్న తమ్ముడు పుష్కరుణ్ణి ఓడించి దాన్ని మళ్ళీ తెచ్చుకున్నాడు, మనకి మాత్రం లెక్క దక్కలేదు.

లెక్క దక్కింది ఐరోపాలో, అదీ మధ్యలో ఆగిపోయిన ఆట గురించిన గొడవలో. ఇద్దరు చెరో 32 నాణేలు పెట్టారు, ముందు ఎవరు మూడు ఆటలు గెలిస్తే 64 వాళ్ళవి. ఒకడు రెండు గెలిచాడు, ఇంకొకడు ఒకటి, ఇంతలో ఏదో పని పడి ఆట ఆపేయాల్సి వచ్చింది. డబ్బు ఎలా పంచాలి? ఇటలీలో లూకా పాసియోలి 1494లో ఇలాంటి లెక్కకే, గెలిచిన ఆటల్ని బట్టి పంచేయండి అన్నాడు, అలా అయితే ఇక్కడ రెండుకి ఒకటి లెక్కన పంచాలి. వినడానికి న్యాయంగానే ఉంటుంది. కానీ ఒక్క ఆట అయ్యాక ఆపేస్తే? ఒకటికి సున్నా, మొదటివాడే మొత్తం పట్టుకుపోతాడు, అదేం న్యాయం అని టార్టాలియా 1556లో పట్టుకున్నాడు, చివరికి ఇది లెక్కల వాళ్ళు తేల్చే విషయం కాదు, జడ్జీలు తేల్చాల్సింది అని కూడా అన్నాడు. ఆ మాట నాకు బాగా నచ్చుతుంది, ఎందుకంటే ఇంకా జరగని దానికి లెక్క ఉంటుందని అప్పట్లో దాదాపు ఎవరికీ తోచలేదు.

1654 వేసవిలో ఇద్దరు ఫ్రెంచ్ గణితవేత్తలు, పారిస్ నుంచి పాస్కల్, తులూజ్ నుంచి ఫెర్మా ఉత్తరాలు రాసుకుంటూ దీన్ని తేల్చేశారు. పాస్కల్ దారి ఇదీ: ఇంకొక్క ఆట ఆడారనుకోండి, ముందున్నవాడు గెలిస్తే 64 వాడివే, ఓడితే చెరి రెండు అవుతాయి కాబట్టి చెరో 32. అంటే ఏం జరిగినా 32 వాడికి ఖాయం, మిగతా 32 సగం సగం ఛాన్స్, అందులో 16. మొత్తం 48, అవతలివాడికి 16. ఫెర్మా ఇంకోలా వెళ్ళాడు, మహా అయితే ఇంకో రెండు ఆటలు చాలు, రెండు ఆటలకి నాలుగు రకాల ఫలితాలు, అందులో మూడింట మొదటివాడే గెలుస్తాడు, కాబట్టి నాలుగింట మూడొంతులు. మళ్ళీ 48. తులూజ్‌లోనూ పారిస్‌లోనూ నిజం ఒకటేనన్నమాట అని పాస్కల్ పొంగిపోయి ఉత్తరంలో రాశాడు.

ఇక్కడ జరిగిన అసలు మార్పు చిన్నగా కనబడుతుంది గానీ చాలా పెద్దది. పాసియోలి జరిగిన ఆటల్ని లెక్కపెట్టాడు, వీళ్ళిద్దరూ జరగబోయే ఆటల్ని లెక్కపెట్టారు. ఎప్పటికీ జరగని ఆటల్ని కూడా. రొబెర్వాల్ అనే గణితవేత్త దీనికే అడ్డు చెప్పాడు, మొదటి ఆటలోనే తేలిపోతే రెండో ఆట ఎవరూ ఆడరు కదా, ఆడని ఆటని ఎలా లెక్కేస్తారు అని. వంద ఏళ్ళ తర్వాత దాలంబేర్ అంతటి గణితవేత్త కూడా ఇక్కడే తడబడ్డాడు, నాణెం రెండుసార్లు ఎగరేస్తే ఒక్కసారైనా బొమ్మ పడే ఛాన్స్ మూడింట రెండు అని 1754లో ఫ్రెంచ్ విజ్ఞాన సర్వస్వంలో రాశాడు. మొదటిసారే బొమ్మ పడితే ఆట అయిపోయిందిగా, ఇంక ఉన్నవి మూడే దారులు అని ఆయన వాదన. ఆ మూడు దార్లూ సమానమైనవి కావన్నది తప్పిపోయింది, సరైన జవాబు నాలుగింట మూడు.

సమానం అన్న ఆ మాట మీదే బండి అంతా నడిచింది చాలా కాలం. అన్ని దార్లకీ సమాన అవకాశం ఉందనుకుని, మనకి కావల్సినవి ఎన్ని, మొత్తం ఎన్ని అని భాగిస్తే అదే సంభావ్యత, లాప్లాస్ ఇచ్చిన నిర్వచనం కూడా ఇదే. పాచికకి ఆరు ముఖాలు, ఒక్కో ముఖానికి ఆరింట ఒకటి, బాగుంది. కానీ మన అష్టాచెమ్మా తీసుకోండి, గవ్వకి ఒకవైపు ఉబ్బు, ఒకవైపు నోరు, వెల్లకిలా పడటం బోర్లా పడటం సమానం అని ఎవరైనా ఎలా చెప్తారు? సమానమైతే నాలుగూ వెల్లకిలా పడి చెమ్మా రావడం, నాలుగూ బోర్లా పడి అష్టా రావడం రెండూ పదహారింట ఒకటే అవ్వాలి. చిన్నప్పుడు వేసవి సెలవుల్లో అమ్మమ్మ వాళ్ళ అరుగు మీద ఆడినవాళ్ళెవరైనా చెప్తారు, ఈ గవ్వలు వేరు ఆ గవ్వలు వేరని, అరగదీసిన చింతపిక్కలు ఇంకా వేరని. గవ్వ సంగతి తెలియాలంటే కూర్చుని ఆలోచిస్తే రాదు, వేసి చూడాల్సిందే.

వేసి చూస్తే ఎంత నమ్మొచ్చు అన్నదాని మీద బాసెల్ నగరంలో యాకొబ్ బెర్నూలీ ఇరవై ఏళ్ళు కూర్చున్నాడు. మనిషి ఒంట్లో ఎన్ని జబ్బులున్నాయో, ఏది ఎంత తేలిగ్గా చంపుతుందో ఎవరు లెక్కపెట్టగలరు, పాచిక ముఖాల్లాగా అవి కనబడవు కదా, కాబట్టి జరిగినవాటిని చూసే తెలుసుకోవాలి అన్నాడు. ఎంత ఎక్కువసార్లు చూస్తే, చూసిన నిష్పత్తి అంతగా అసలు నిష్పత్తికి దగ్గర పడుతుందని నిరూపించాడు కూడా. తెల్ల రాళ్ళు నల్ల రాళ్ళు మూడుకి రెండు చొప్పున ఉన్న కుండలోంచి ఒక్కోటి తీసి చూసి మళ్ళీ వేసేస్తూ పోతే, తెల్లవాటి వాటా యాభైలో 29 నుంచి 31 మధ్య ఉంటుందని వెయ్యికి ఒకటి చొప్పున పందెం కాయాలంటే 25,550 సార్లు తీస్తే చాలని ఆయన లెక్క. ఆయన 1705లో పోయాడు, పుస్తకం 1713లో వచ్చింది.

ఆయన బతికుండగానే ఈ ఆలోచన జర్మన్ తత్వవేత్త లైబ్నిజ్‌కి ఉత్తరంలో రాస్తే, లైబ్నిజ్ 1703లో ఒక జవాబు రాశాడు, నా దృష్టిలో ఈ మొత్తం చరిత్రలో అంత పదునైన అభ్యంతరం ఇంకోటి లేదు. ప్రకృతికి అలవాట్లు ఉన్నాయి నిజమే, కానీ అవి చాలావరకే, ఎప్పుడూ కాదు, కొత్త జబ్బులు వస్తుంటాయి, ఎన్ని చావులు లెక్కపెట్టినా ముందు ముందు అలాగే ఉండాలని నువ్వు ప్రకృతికి హద్దు గీయలేవు అన్నాడు. కుండలో రాళ్ళు మారవు, మనుషులు మారతారు.

ఇంక అమ్మ ప్రశ్నకి. వెన్ చిత్రాలు గీసి స్కూల్లో అందరం సెట్స్ నేర్చుకున్నాం కదా, ఆ జాన్ వెన్ 19వ శతాబ్దంలో ఒక ఉదాహరణ ఇచ్చాడు. మదీరా దీవికి వెళ్ళి ఉంటే పదిమంది ఇంగ్లీషువాళ్ళలో తొమ్మిదిమందికి ఆరోగ్యం చెడుతుందనుకోండి, కానీ క్షయ ఉన్నవాళ్ళు పదిమంది వెళితే తొమ్మిదిమందికి మేలు చేస్తుందనుకోండి. ఇప్పుడు క్షయ ఉన్న ఒక ఇంగ్లీషాయన వచ్చి, వెళ్ళమంటారా అని అడిగితే ఏం చెప్తారు? రెండు లెక్కలూ నిజమే, మనిషి ఒక్కడే. నాన్నని అరవై ఎనిమిదేళ్ళ మగవాళ్ళలో కలిపితే ఒక అంకె, షుగర్ ఉన్నవాళ్ళలో కలిపితే ఇంకో అంకె, రోజూ తెల్లవారుజామున నాలుగు కిలోమీటర్లు నడిచేవాళ్ళలో కలిపితే మరో అంకె, అన్నీ ఉన్నవాళ్ళని మాత్రమే ఏరుకుంటూ పోతే చివరికి మిగిలేది నాన్న ఒక్కడే, ఒక్కడికి శాతం ఏంటి?

రిచర్డ్ ఫాన్ మీసెస్ అనే గణితవేత్త దీనికి నిర్మొహమాటంగా జవాబిచ్చాడు, 1928లో. సంభావ్యత అనేది గుంపుకే ఉంటుంది, ఒక మనిషి చనిపోయే సంభావ్యత అనే మాటకి అర్థమే లేదు అన్నాడు. ఆలోచిస్తే డాక్టరు గారు ఆ రోజు అమ్మకి చెప్పింది కూడా దాదాపు ఇదే. తర్కంలో తప్పు పట్టలేం, కానీ అర్థమే లేకపోతే మేం సంతకం దేన్ని చూసి పెట్టినట్టు?

అవతలి వైపు నుంచి వచ్చినవాళ్ళు ఫ్రాంక్ రామ్సే, బ్రూనో డి ఫినెట్టి. రామ్సే కేంబ్రిడ్జిలో 1926లో రాశాడు, ఇరవై ఆరేళ్ళకే పోయాడు, డి ఫినెట్టి ఇటలీలో విడిగా అక్కడికే చేరాడు. వీళ్ళ మాట ఏంటంటే సంభావ్యత బయట లోకంలో లేదు, నువ్వు ఎంతవరకు నమ్ముతున్నావో, ఎంత పందానికి సిద్ధపడతావో అదే నీ సంభావ్యత. మరి ఎవడికి తోచింది వాడు చెప్పొచ్చా అంటే కాదు, నమ్మకాలు ఒకదానికొకటి పొసగాలి. రేపు వాన పడుతుందని నాకు అరవై శాతం నమ్మకం, పడదని కూడా అరవై శాతం అన్నాననుకోండి, వాన పడితే వంద రూపాయలిచ్చే చీటీ నాకు అరవైకి అమ్మండి, పడకపోతే వంద ఇచ్చేది ఇంకో అరవైకి అమ్మండి, నా జేబులోంచి నూట ఇరవై పోతాయి, రేపు ఏం జరిగినా తిరిగొచ్చేది వందే. అలా మోసపోకుండా ఉండాలంటే నమ్మకాలు కూడా పాస్కల్, ఫెర్మాల లెక్కకే కట్టుబడాలి. కొత్త సంగతి తెలిసినప్పుడు నమ్మకాన్ని ఎలా సవరించుకోవాలో బేస్ అనే పాదిరీ రాసి పెట్టి పోతే, ఆయన స్నేహితుడు రిచర్డ్ ప్రైస్ 1763లో అచ్చు వేయించాడు.

1933లో కొల్మొగొరోవ్ అనే రష్యా గణితవేత్త కొన్ని సూత్రాలు రాసిపెట్టి గణితం వరకు గొడవ లేకుండా చేశాడు, ఏ పక్షం వాళ్ళైనా వాటినే వాడతారు. అర్థం సంగతి ఆ సూత్రాలు ముట్టుకోవు.

నేను మాత్రం మనసులో రామ్సే పక్షమే, కానీ గుంపుని లెక్కపెట్టకుండా కట్టుకున్న నమ్మకం మీద నాకు గౌరవం లేదు. విశాఖలో ఆంధ్ర విశ్వవిద్యాలయంలో చదువుకుని కలకత్తా వెళ్ళి స్టాటిస్టిక్స్‌లో ప్రపంచం మెచ్చిన సి.ఆర్. రావు గారు చెప్పింది నాకు దీనికి దగ్గరగా అనిపిస్తుంది, కచ్చితం కాని జ్ఞానానికి అది ఎంత కచ్చితం కాదో అన్న జ్ఞానం తోడైతే అది వాడుకోవడానికి పనికొస్తుంది అని.

నాన్న బాగానే ఇంటికొచ్చారు. దాంతో రెండు శాతం రైటని రుజువైపోలేదు, రాకపోయుంటే తప్పని కూడా తేలేది కాదు, ఇది ఒప్పుకోవడం నాకు చాలా కష్టమైంది. నెల తర్వాత చెకప్‌కి వెళ్ళినప్పుడు ఆ రెండు ఎక్కణ్ణుంచి వచ్చిందని సర్జన్ గారిని అడిగాను. వయసు, కిడ్నీ, గుండె పంపింగ్ ఇలాంటివన్నీ కొడితే శాతం చెప్పే యూరోస్కోర్ రెండు అనే లెక్క ఉందని, అందులోంచి తీశానని చూపించారు. ఇంటికొచ్చి చదివాను, 2010లో 43 దేశాల్లో 154 ఆసుపత్రుల్లో గుండె ఆపరేషన్ చేయించుకున్న 22,381 మందిని చూసి కట్టిన లెక్క అది. లైబ్నిజ్ ఉంటే ఆ సంవత్సరం చూసి ఏమనేవాడో ఊహించగలను.

రాత్రి భోజనాల దగ్గర ఇదంతా అమ్మకి చెప్పాను. నాన్న పళ్ళెంలో ఉప్పు లేని పప్పు వడ్డిస్తూ విన్నది. "అయితే ఆ రెండూ మీ నాన్నవి కావురా, ఆ ఇరవై రెండు వేల మందివి" అంది. కాసేపాగి, "వాళ్ళనందర్నీ ఎవరో ఒక్కొక్కరిగా రాసుకున్నారన్నమాట" అంది.