బడి ఖర్చు కలిపిన పాత శత్రువులు

నెదర్లాండ్స్‌లో ఇవాళ ప్రాథమిక పాఠశాలల్లో సుమారు మూడింట రెండు వంతులు ప్రైవేటువే. చాలావాటి మీద ఏదో ఒక మతం పేరుంటుంది. జీతాలు, నిర్వహణ ఖర్చు మాత్రం సర్కారువి. ముస్లిం బడుల మాట వచ్చినప్పుడల్లా ఈ పద్ధతి ఉండాలా వద్దా అని గొడవ లేస్తుంటుంది. దాని వేర్లు వెతుక్కుంటూ పోతే 1901 నాటి సంకీర్ణ ప్రభుత్వం తగులుతుంది.

అందులో చేతులు కలిపింది ప్రొటెస్టెంట్లు, కేథలిక్కులు. 1853లో రోమ్‌లోని పోప్ తమ దేశంలో మళ్లీ బిషప్‌లను పెడుతున్నాడని ప్రొటెస్టెంట్లు చేసిన అల్లరికి అప్పటి థోర్బెకె ప్రభుత్వమే దిగిపోయింది. అంతటి పగ. అయినా బడి ఖర్చు ఇద్దరికీ ఒకే బాధ అయింది. ఎవరైనా బడి పెట్టుకోవచ్చని 1848 రాజ్యాంగం చెప్పింది, డబ్బు మాత్రం ఇవ్వలేదు. 1878లో లిబరల్ ప్రభుత్వం బడుల ప్రమాణాలు పెంచి, సాయం సర్కారు బడులకే ఇచ్చింది. ఆ చట్టం మీద సంతకం చేయొద్దని మూడు లక్షలమందికి పైగా ప్రొటెస్టెంట్లు రాజుకు అర్జీ పెట్టారు. కేథలిక్కులు విడిగా ఇంకొకటి పెట్టారు. రాజు సంతకం చేసేశాడు.

మరుసటి ఏడాదే అబ్రహాం కైపర్ అనే పాస్టర్ యాంటీ రెవల్యూషనరీ పార్టీ పెట్టాడు. ఫ్రెంచి విప్లవ భావాలంటే పడని పార్టీ, అందుకే ఆ పేరు. కేథలిక్కుల వైపు స్కాప్‌మన్ అనే ఫాదర్ పొత్తుకు దారి వేశాడు. 1889లో కొంత గ్రాంటు దక్కింది. 1901లో ఈ పొత్తు దిగువ సభలోని 100 సీట్లలో 58 గెలవడంతో కైపర్ ప్రధాని అయ్యాడు.

కానీ ఆయన పేరు బడికన్నా సమ్మెతోనే ఎక్కువ ముడిపడింది. 1903 జనవరిలో ఆమ్‌స్టర్‌డామ్ రేవు కార్మికులకు మద్దతుగా రైల్వేవాళ్లు పని ఆపి, గెలిచారు. కైపర్ వెంటనే రైల్వే, ప్రభుత్వ ఉద్యోగుల సమ్మెను నేరం చేస్తూ బిల్లు తెచ్చాడు. కార్మికులు దాన్ని ‘గొంతు నులిమే చట్టం’ అన్నారు. ఏప్రిల్‌లో సార్వత్రిక సమ్మె విఫలమైంది, చాలామంది ఉద్యోగాలు ఊడాయి. సామాన్యుల నాయకుడినని చెప్పుకున్న మనిషికి ఇది మచ్చే.

ఆయన స్థాపించిన యూనివర్సిటీ డిగ్రీలకు గుర్తింపు ఇచ్చే బిల్లును ఎగువ సభ తిప్పికొడితే, ఆ సభనే రద్దు చేయించి 1905లో నెగ్గించుకున్నాడు. అదే ఏడాది ఎన్నికల్లో ఓడిపోయాడు.

బడులకు సమాన నిధులు 1917లో రాజ్యాంగంలోకి ఎక్కాయి. అప్పటి ప్రధాని కోర్ట్ వాన్ డెర్ లిండెన్ లిబరల్. ఇచ్చిపుచ్చుకునే ఒప్పందంలో భాగంగా మగవాళ్లందరికీ ఓటు వచ్చింది. బడుల సమాన నిధులను అమలుచేసే చట్టాన్ని 1920లో మళ్లీ ప్రొటెస్టెంట్, కేథలిక్ సంకీర్ణమే తెచ్చింది. ఈసారి ప్రధాని రౌస్ డి బేరెన్‌బ్రౌక్, ఆ దేశానికి మొదటి కేథలిక్ ప్రధాని.