నైజర్ నదిలో జ్వరం, ఓడ వైద్యుల లెక్కలు

1841 ఆగస్టులో బ్రిటిష్ నౌకాదళం పంపిన మూడు ఇనుప ఆవిరి ఓడలు, ఆల్బర్ట్, విల్బర్‌ఫోర్స్, సూడాన్, పశ్చిమాఫ్రికాలోని నైజర్ నదిలోకి ప్రవేశించాయి. బానిసల వ్యాపారాన్ని మాన్పించి దాని స్థానంలో ఇతర వర్తకాన్ని నెలకొల్పడం ఆ యాత్ర ఉద్దేశం. ఆ నదిమీదికి వెళ్ళిన ఐరోపావారు జ్వరాలతో రాలిపోతారని అప్పటికే తెలుసు. చిత్తడి నేలల నుంచి లేచే చెడుగాలే ఆ జ్వరానికి మూలమని నాటి వైద్యులు నమ్మేవారు కనుక, ఓడల లోపలికి వచ్చే గాలిని రసాయనాల మీదుగా పంపి శుద్ధిచేసే యంత్రాలను డేవిడ్ బాస్వెల్ రీడ్ చేత అమర్పించారు. ఆ జ్వరాన్నే మనం ఇప్పుడు మలేరియా అంటున్నాం; ఆ ఇటాలియన్ మాటకు అర్థం కూడా చెడుగాలే.

సెప్టెంబరు మొదటివారంలో జ్వరం మొదలైంది. 145 మంది ఐరోపావారిలో 130 మంది మంచం పట్టారు. వారిలో దాదాపు 40 మంది మరణించారు. ఓడల్లోని ఆఫ్రికన్లలో కొద్దిమందికే, అదీ స్వల్పంగా, జ్వరం సోకింది. ఆల్బర్ట్‌లో నడిపేవారంతా పడిపోగా, ఓడ వైద్యుడు జేమ్స్ మెక్‌విలియం దారి చూపే బాధ్యత తీసుకున్నాడు. భూగర్భ శాస్త్రజ్ఞుడు విలియం స్టాంగర్ ఆవిరియంత్రాల పుస్తకం చదువుకుంటూ ఇంజన్ నడిపాడు. అలా ఇద్దరూ ఆ ఓడను సముద్రం వైపు దింపుకొచ్చారు.

వారి ధైర్యం గొప్పదే. అయితే వైద్యశాస్త్రానికి అంతకంటే ఎక్కువ మేలు చేసింది మెక్‌విలియం 1843లో ప్రచురించిన ఆ యాత్ర వైద్య చరిత్ర అని నా అభిప్రాయం. ఊళ్ళో ఎవరికి జ్వరం వచ్చిందో, ఎవరు ఎక్కడ తిరిగారో తేల్చడం కష్టం. ఓడలో అలా కాదు: అందరి పేర్లూ జాబితాలో ఉంటాయి, తిండీ నీరూ ఇంచుమించు ఒకటే, ఎవరు ఏనాడు ఒడ్డుకు దిగారో తెలుస్తుంది, రోగుల వివరాలు వైద్యుడి దినచర్య పుస్తకంలోకి ఎక్కుతాయి.

ఆ యాత్రలోనే పాల్గొన్న మరో వైద్యుడు థామ్సన్ తన మీదే ప్రయోగం చేసుకున్నాడు. సింకోనా చెట్టు బెరడు నుంచి తీసే క్వినైన్ అనే మందును ఆ రోజుల్లో జ్వరం తగ్గుముఖం పట్టాక గాని ఇచ్చేవారు కాదు. థామ్సన్ ఆరోగ్యంగా ఉండగానే రోజూ మింగి, ఆఫ్రికాలో ఉన్నన్నాళ్ళూ జ్వరం తప్పించుకున్నాడు. ఇంగ్లండ్ చేరి మందు మానేశాక జ్వరపడ్డాడు. 1847లో నౌకాదళ వైద్యుడు అలెగ్జాండర్ బ్రైసన్ పశ్చిమాఫ్రికా తీరంలోని ఓడల రికార్డులను క్రోడీకరించి నివేదిక వెలువరించాడు. సియెరాలియోన్‌లో ఒడ్డుకు దిగిన 20 మంది నావికులు బెరడు కలిపిన ద్రాక్షసారాయి తాగారనీ, తాగని అధికారి ఒక్కడికే జ్వరం వచ్చిందనీ అందులో ఉదహరించాడు. ఒక్క సంఘటనతో ఏదీ రుజువు కాదు. కానీ బ్రైసన్ దాన్ని మిగిలిన రికార్డుల పక్కన పెట్టి చూశాడు.

1854లో ప్లీయడ్ అనే ఓడకు నాయకత్వం వహించిన నౌకాదళ వైద్యుడు విలియం బాల్ఫోర్ బైకీ తన వెంట ఉన్నవారికి రోజూ క్వినైన్ ఇచ్చాడు. అదే నదిలో 118 రోజులు గడిపి, ఒక్కరినీ కోల్పోకుండా తిరిగివచ్చాడు. ఈ విజయమే తరువాత ఐరోపా సైన్యాలు ఆఫ్రికా లోపలి భాగాలను ఆక్రమించడానికి దారి సులభం చేసిందన్న చేదునిజాన్ని దాచకూడదు.

బైకీ కూడా చెడుగాలినే నమ్మినా, మందు పనిచేసింది. అసలు కారణం తెలియడానికి మరికొన్ని దశాబ్దాలు పట్టింది: 1880లో ఫ్రెంచి సైనిక వైద్యుడు లావెరాన్ రోగి రక్తంలో పరాన్నజీవిని చూశాడు, 1897 ఆగస్టు 20న మన సికింద్రాబాద్‌లో రొనాల్డ్ రాస్ దాన్ని దోమ పొట్టలో కనుగొన్నాడు. ఆ పరాన్నజీవి ఎర్ర రక్తకణాల్లోని హిమోగ్లోబిన్‌ను తిని, మిగిలిన విషపదార్థాన్ని హానిలేని స్ఫటికాలుగా మార్చుకుంటుంది. క్వినైన్ ఆ మార్పుకు అడ్డుపడుతుందని ఇప్పుడు శాస్త్రజ్ఞులు భావిస్తున్నారు. దోమకాటునైనా, కాలేయంలో దాగిన పరాన్నజీవినైనా అది ఆపలేదు. రక్తంలోకి వచ్చినవాటిని మాత్రం పెరగనివ్వదు. థామ్సన్ ఇంగ్లండ్‌లో మందు మానగానే లేచిన జ్వరం, బహుశా అతడు ఆఫ్రికా నుంచి ఒంట్లో మోసుకొచ్చినదే.