ఉద్యోగం మానేశాక డిపార్ట్‌మెంటల్ ప్రమోషన్ పరీక్ష రాయొచ్చా? అపోహలు - వాస్తవాలు

నేను సెంట్రల్ గవర్నమెంట్ ఆఫీసులో ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్ చూస్తాను. ఎల్‌డీసీఈ (కింది పోస్టులో ఉన్నవాళ్లు ప్రమోషన్ కోసం రాసే డిపార్ట్‌మెంటల్ పరీక్ష) నోటిఫికేషన్ పడిందంటే చాలు, ఎప్పుడో మానేసిన వాళ్ల ఫోన్లు మొదలైపోతాయి, అందరిదీ దాదాపు ఒకటే డౌటు.

అపోహ: "సర్, ఐదేళ్ల సర్వీసు అడిగారు, నేను ఎనిమిదేళ్లు చేసే మానేశా కదా, అప్లై చేసుకోవచ్చుగా?"

వాస్తవం: కుదరదండీ. ఆ పరీక్ష కింది క్యాడర్‌లో ఇప్పుడు రెగ్యులర్‌గా పనిచేస్తున్న వాళ్లకి పెట్టేది, ఒకప్పుడు చేసిన వాళ్లకి కాదు. పైగా మామూలుగా రిజైన్ చేస్తే పాత సర్వీసు మొత్తం పోతుంది, 1972 పెన్షన్ రూల్స్‌లో 26వ రూలు చెప్పేది అదే, 2021లో కొత్త రూల్స్ వచ్చినా ఈ ముక్క మాత్రం అలాగే ఉంది.

అపోహ: రాజీనామా ఏదైనా రాజీనామానే.

వాస్తవం: ఇక్కడే చాలామంది నష్టపోతారు. ప్రాపర్ చానల్‌లో (మన ఆఫీసు ద్వారానే) అప్లై చేసి, పర్మిషన్‌తో ఇంకో గవర్నమెంట్ ఉద్యోగానికి వెళ్తే అది టెక్నికల్ రిజిగ్నేషన్, దానికి సర్వీసు పోదు. పర్మనెంట్ ఉద్యోగి అయితే పాత పోస్టు మీద లీన్ (తిరిగి వచ్చే హక్కు) రెండేళ్లు ఉంటుంది, మరీ తప్పనిసరి కేసుల్లో మూడేళ్లు, ఈలోపు వెనక్కి వచ్చేయొచ్చు. వచ్చాక సీనియారిటీ కూడా పాతదే. కానీ ఒక మెలిక ఉంది, 2016 ఆగస్టు 17 నాటి డీఓపీటీ (కేంద్ర సిబ్బంది, శిక్షణ శాఖ) మెమోలో రాశారు, బయట గడిపిన కాలం ప్రమోషన్‌కి కావాల్సిన కనీస సర్వీసులో కలవదు. అంటే ఐదేళ్లు కావాల్సిన చోట నాలుగేళ్లు చేసి వెళ్లి, ఏడాదిన్నర తర్వాత తిరిగొచ్చారనుకోండి, మీ లెక్క ఇంకా నాలుగు దగ్గరే ఉంటుంది. జూనియర్లు పరీక్ష రాస్తుంటే సీనియర్ అయ్యుండి చూస్తూ కూర్చోవడం, పాపం, చాలా మందికి మింగుడు పడదు. అసలు రాజీనామా లెటర్లో ఫలానా పోస్టులో చేరడానికి అని రాయకుండా "వ్యక్తిగత కారణాల వల్ల" అని రాసేసిన వాళ్లని కూడా చూశాను, తర్వాత అది టెక్నికల్ అని ఒప్పించడానికి ఫైలు ఎన్ని టేబుళ్లు తిరిగిందో.

అపోహ: ఎప్పుడైనా రాజీనామా వెనక్కి తీసుకోవచ్చు.

వాస్తవం: ఎప్పుడైనా కాదు. రాజీనామా అమల్లోకి వచ్చిన రోజుకీ మళ్లీ డ్యూటీలో చేరే రోజుకీ మధ్య 90 రోజులు దాటకూడదు, ఆ పోస్టో దానికి సమానమైన పోస్టో ఖాళీగా ఉండాలి, మానేసిన కారణంలో మీ నిజాయితీ మీద మచ్చ ఉండకూడదు. ప్రైవేటు కంపెనీలోనో ప్రభుత్వ కంపెనీలోనో చేరడానికి వెళ్లి ఉంటే అసలు ఒప్పుకోరు. అన్నీ కుదిరి తిరిగి తీసుకున్నా మధ్యలో గ్యాప్ ఉంది చూశారూ, అది క్వాలిఫయింగ్ సర్వీసులోకి (పెన్షన్‌కి లెక్కేసే సర్వీసులోకి) రాదు.

అపోహ: ఎక్స్ సర్వీస్‌మెన్‌కి ప్రమోషన్ పరీక్షల్లో కోటా ఉంది.

వాస్తవం: లేదు. గ్రూప్ సీలో 10 శాతం ఉన్నది డైరెక్ట్ రిక్రూట్‌మెంట్‌కే.

అపోహ: ఖాళీ ఏర్పడినప్పుడు సర్వీసులో ఉన్నా కాబట్టి, రిటైర్ అయినా నా ప్రమోషన్ నాకు ఇవ్వాలి.

వాస్తవం: ఇది పరీక్ష గురించి కాదు, డీపీసీ (ప్రమోషన్లు తేల్చే డిపార్ట్‌మెంటల్ కమిటీ) గురించి, కానీ తరచూ అడుగుతారు కాబట్టి చెప్తున్నా. పాత సంవత్సరాల ఖాళీలకి ప్యానెల్ వేసేటప్పుడు రిటైర్ అయిన వాళ్ల పేర్లు కూడా చూస్తారు, 1998 నుంచీ అలాగే చేస్తున్నాం, అయితే పేరు ప్యానెల్‌లో ఉన్నా వాళ్లకి ప్రమోషన్ మాత్రం రాదు.

ఇంకొకటి, మానేసిన వాళ్లు ఎస్‌ఎస్‌సీ (స్టాఫ్ సెలక్షన్ కమిషన్) పరీక్షలకి మళ్లీ బయటి నుంచి వచ్చేటప్పుడు "సెంట్రల్ ఉద్యోగి" అని టిక్ పెట్టేసి వయసు సడలింపు అడుగుతుంటారు. అప్లికేషన్ చివరి తేదీకి ముందు వరసగా మూడేళ్ల సర్వీసు ఉండాలి, అపాయింట్‌మెంట్ అయ్యేదాకా ఉద్యోగంలోనే ఉండాలి, లేకపోతే సర్టిఫికెట్ కోసం మా సెక్షన్‌కి వచ్చినప్పుడు మేం సంతకం పెట్టలేం.