అప్పీలు కొట్టేశారంటే ఓడిపోయినట్టేనా?

మొన్న దేవరకొండ వైపు నుంచి వచ్చిన ఒక పెద్దాయన తీర్పు నకలు నా బల్ల మీద పెట్టి, "కాపీ చేతికొచ్చి పన్నెండు రోజులే అయింది సార్, ఇంకా గడువుంది" అన్నాడు. నల్లగొండలో ఇన్నేళ్లుగా సివిల్ కేసులు చూస్తున్నాను కాబట్టి, తీర్పు చదవకుండా ముందు కాగితం వెనక్కి తిప్పాను.

అపోహ: కాపీ అందిన రోజు నుంచి గడువు లెక్క.

వాస్తవం: లెక్క డిక్రీ (తీర్పును బట్టి కోర్టు ఇచ్చే అధికారిక ఉత్తర్వు) తేదీ నుంచే. జిల్లా కోర్టుకైతే 30 రోజులు, హైకోర్టుకైతే 90. కాపీ తయారీకి పట్టిన రోజులను లిమిటేషన్ చట్టం 12వ సెక్షన్ కింద తీసేస్తారు. దరఖాస్తు ఎప్పుడిచ్చారు, రుసుము ఎప్పుడడిగారు, ఎప్పుడు కట్టారు, కాపీ ఎప్పుడు సిద్ధమైంది, ఎప్పుడు తీసుకున్నారు అన్నీ నకలు వెనక ముద్రలో ఉంటాయి. పెద్దాయన దరఖాస్తు పెట్టేసరికే 18 రోజులు గడిచాయి. సిద్ధమైన కాపీ 9 రోజులు కోర్టులోనే పడి ఉంది. ఆపైన ఈ పన్నెండు. మొత్తం 39, అంటే తొమ్మిది రోజులు ఆలస్యం. అప్పీలుతో పాటే ఆలస్య మన్నింపు పిటిషన్ వేయాలి. కారణమేమిటంటే పత్తి ఏరే రోజులట. అఫిడవిట్‌లో అదే రాశాను. ఆలస్యమైతే చాలు టైఫాయిడ్ అని రాసే అలవాటు మా వృత్తిలో ఉంది, జడ్జీలకూ అది తెలుసు.

అపోహ: అప్పీలు వేస్తే డిక్రీ ఆగిపోతుంది.

వాస్తవం: ఆగదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41 రూల్ 5 కింద స్టే విడిగా తెచ్చుకోవాలి. లేకపోతే అవతలివారు డిక్రీ అమలు చేయమని ఈ.పీ. వేస్తారు, కోర్టు అమీనా ఇంటికి వస్తాడు.

అపోహ: వాయిదాకు ఎవరూ రాలేదని కొట్టేస్తే కేసు పోయినట్టే.

వాస్తవం: అది గైర్హాజరుకు కొట్టివేత మాత్రమే. అప్పీలుదారు లేనప్పుడు మంచిచెడ్డలు తేల్చి కొట్టేయడానికి వీల్లేదని అదే ఆర్డర్ 41లోని రూల్ 17 వివరణే చెబుతోంది. తగిన కారణం చూపి 30 రోజుల్లో రూల్ 19 కింద పునరుద్ధరణ కోరవచ్చు. కాదంటే దాని మీదా అప్పీలుంది. వకీలు తప్పుకు కక్షిదారును శిక్షించకూడదని 1981లో రఫీక్ కేసులో సుప్రీంకోర్టు అంది. అలాగని ఏడాదంతా వకీలుకు ఫోను కూడా చేయనివారిని ఆ తీర్పు ప్రతిసారీ కాపాడదు. ప్రతి కేసుకూ విడిగా ఉండే సీఎన్ఆర్ నంబరును ఈ-కోర్ట్స్ యాప్‌లో కొడితే వాయిదా తేదీ ఫోనులోనే కనిపిస్తుంది.

అపోహ: ప్రతివాది చనిపోతే కోర్టే వారసులకు నోటీసు పంపుతుంది.

వాస్తవం: 90 రోజుల్లో వారసులను చేర్చమని మీరే అడగాలి. అది దాటితే ఆ ప్రతివాది వరకు అప్పీలు అబేట్ అవుతుంది, అంటే దానంతటదే ముగిసిపోతుంది. ఉమ్మడి భూమి మీద ఒకే డిక్రీ అయితే మొత్తానికే ఎసరు రావచ్చు. అబేట్‌మెంట్ రద్దు కోరడానికి మరో 60 రోజులుంటాయి. పాలమూరు నుంచి పుణెకు వలస వెళ్లినవారికి కబురు అందలేదంటే అర్థం చేసుకుంటాను. అచ్చంపేట కక్షిదారు ఒకాయన మాత్రం ప్రతివాదిగా ఉన్న దాయాది దశదినకర్మకు వెళ్లి భోంచేసి వచ్చాడు. నాకు ఆ మాట చెప్పింది ఏడు నెలల తర్వాత, అదీ నేను అడిగితే.